వకమత్సుకు ఆ స్వేచ్ఛ ఎక్కడి నుంచి వచ్చింది?

ప్రశ్న: హైదరాబాద్‌లో అసిస్టెంట్ డైరెక్టర్‌గా పనిచేస్తున్నాను. సొంతంగా చిన్న సినిమా తీయాలని ఉంది. కోజి వకమత్సు అనే జపాన్ దర్శకుడు అడల్ట్ సినిమాలు తీస్తూనే బెర్లిన్, కాన్ చలనచిత్రోత్సవాల దాకా వెళ్ళాడని విన్నాను. అలాంటి సినిమాల్లో డైరెక్టర్‌కి ఫ్రీడమ్ ఎక్కువ దొరుకుతుందా? అతను తీసినవి నిజంగా మంచి సినిమాలేనా, లేక బూతుకి రాజకీయం పూశాడా? ఎక్కడి నుంచి మొదలుపెట్టి చూడాలి?

సమాధానం:

నేను చాలా ఏళ్ళు ప్రొడక్షన్ వైపు పనిచేశాను. చిన్న సినిమాలకు బడ్జెట్ వేయడం, షెడ్యూల్ రాయడం, రిలీజ్ దాకా డబ్బు ఎలా తిరుగుతుందో చూసుకోవడం నా పని. వకమత్సు సినిమాలను వెతికి వెతికి చూసినవాణ్ణి కూడా. అందుకే అతన్ని దర్శకుడి కంటే ముందు నిర్మాతగా చూస్తాను. నా అభిప్రాయం మొదటే చెప్పేస్తాను. తన సినిమా ఎంతలో పూర్తవుతుందో, ఎంత తిరిగొస్తుందో, హక్కులు ఎవరి చేతిలో ఉండాలో వకమత్సుకు బాగా తెలుసు. అతని స్వేచ్ఛ అక్కడి నుంచి వచ్చింది. అడల్ట్ కథ అనేది ఆ లెక్కలో ఒక షరతు మాత్రమే. ఆ షరతుకి కొంత మూల్యం తెర మీద స్త్రీలు చెల్లించారు. ఈ రెండు మాటల్లో ఏది వదిలేసినా అతను మనకి సగమే అర్థమవుతాడు.

"అడల్ట్ సినిమా" అనగానే ఈ రోజుల్లో ఫోన్లో దొరికే వీడియోలు గుర్తొస్తాయి. జపాన్‌లో వాళ్ళు పింక్ సినిమా అనేది వేరు. అది థియేటర్లో వేయడానికి 35 ఎంఎం ఫిల్మ్ మీద తీసిన కథా చిత్రం. నిడివి గంట, మహా అయితే గంటా పావు. శృంగార సన్నివేశాలు నటనే, చూపించేదానికి గట్టి హద్దులున్నాయి. అశ్లీలమైన వాటిని పంచడం, ప్రదర్శించడం జపాన్ శిక్షాస్మృతి 175వ సెక్షన్ కింద నేరం. సినిమాలను ముందే చూసి కత్తెర వేసే ఎయిరిన్ అనే కమిటీ 1949 నుంచి ఉంది. మన సెన్సార్ బోర్డు ప్రభుత్వానిది. ఎయిరిన్ అలా కాదు, పరిశ్రమ తనకోసం తాను పెట్టుకున్నది. కాబట్టి ఎయిరిన్ సరేనన్నంత మాత్రాన పోలీసులు ఊరుకోవాలని లేదు. కబుకి అనే సంప్రదాయ నాటక రంగం నుంచి వచ్చిన తెత్సుజి తకెచి 1965లో తీసిన "బ్లాక్ స్నో" ఎయిరిన్ దాటి విడుదలైంది. అయినా కేసు పెట్టారు. 1967లో కోర్టు అతన్ని నిర్దోషి అంది. ఈ సినిమాలు తీసేవాళ్ళ నెత్తి మీద ఆ భయం ఎప్పుడూ వేలాడుతూనే ఉండేది.

ఇక వ్యాపారం సంగతి. మీరు సినిమా తీయాలనుకుంటున్నారు కాబట్టి ఇక్కడ కొంచెం ఆగి చూడండి. 1958లో జపాన్ థియేటర్లలో అమ్ముడైన టికెట్లు దాదాపు 112 కోట్లు. 1963 వచ్చేసరికి అది 51 కోట్లకు పడిపోయింది. అయిదేళ్ళలో సగానికి పైగా ప్రేక్షకులు పోయారు. టీవీ ఇళ్ళలోకి వచ్చేసింది. షింతోహో అనే పెద్ద స్టూడియో 1961లో దివాలా తీసింది. ఆ స్టూడియోని ఒకప్పుడు నడిపిన మిత్సుగు ఓకురా వేరే కంపెనీ పెట్టి, 1962లో "ఫ్లెష్ మార్కెట్" అనే సినిమా విడుదల చేశాడు. దర్శకుడు సతోరు కొబయాషి. పింక్ సినిమా చరిత్ర మొదలుపెట్టేవాళ్ళు ఎక్కువగా దీన్నే మొదటిదిగా చెప్తారు.

పెద్ద స్టూడియోలు సినిమాలు తగ్గించేశాయి. చిన్న థియేటర్లకి వేసుకోవడానికి సరుకు లేదు. ఒక టికెట్‌కి మూడు సినిమాలు వేసి జనాన్ని కూర్చోబెట్టే హాళ్ళు అవి. వాళ్ళకి పెద్ద స్టార్లు అక్కర్లేదు. తక్కువ ధరకి, ప్రతి వారం, టీవీలో కనిపించనిది ఏదో ఒకటి కావాలి. దాంతో చిన్న కంపెనీలు పుట్టుకొచ్చాయి. సినిమాకి దాదాపు 30 లక్షల యెన్లు, షూటింగ్ వారం లోపే, యూనిట్‌లో పట్టుమని పదిమంది. 1960ల మధ్యకి వచ్చేసరికి ఏడాదికి 200 పైగా పింక్ సినిమాలు తయారయ్యేవి. డిస్ట్రిబ్యూటర్ పెట్టే షరతులు రెండే: మధ్య మధ్యలో శృంగార సన్నివేశాలు ఉండాలి, చెప్పిన తేదీకి ప్రింట్ చేతికి రావాలి. మిగతా కథ ఏమిటని అడిగేవాళ్ళు తక్కువ. వకమత్సు దూరింది ఆ సందులోంచే.

అతను 1936 ఏప్రిల్ 1న ఈశాన్య జపాన్‌లోని మియాగి ప్రాంతంలో, వకుయా అనే ఊళ్ళో పుట్టాడు. వ్యవసాయ హైస్కూల్లో చదువు మధ్యలో వదిలేసి టోక్యోకి పారిపోయాడు. మిఠాయి దుకాణంలో పని నేర్చుకున్నాడు, కూలి పనికి వెళ్ళాడు, చివరికి టోక్యోలోని షింజుకు ప్రాంతంలో ఒక యకుజా (జపాన్ మాఫియా) ముఠాలో చేరాడు. ఆ వీధుల్లో సినిమా షూటింగులు జరిగితే గొడవలు కాకుండా చూసుకునేది ఆ ముఠావాళ్ళే. సినిమావాళ్ళతో పరిచయం అలా మొదలైంది. 1950ల చివర్లో అరెస్టై కొన్ని నెలలు జైల్లో ఉన్నాడు. అక్కడ పోలీసులు తనని చూసిన తీరు అతను ఎన్నడూ మర్చిపోలేదు. నిజ జీవితంలో పోలీసుల్ని చంపలేం, సినిమాలో అయితే చంపొచ్చు, అందుకే దర్శకుణ్ణయ్యానని ఇంటర్వ్యూల్లో పదే పదే చెప్పుకున్నాడు. సినిమా స్కూలు, స్టూడియో శిక్షణ, పెద్ద దర్శకుడి దగ్గర శిష్యరికం, ఇవేవీ లేవు. టీవీలో చిన్నా చితకా పనులు చేసి, 1963లో "స్వీట్ ట్రాప్"తో దర్శకుడయ్యాడు. ఆ తర్వాత రెండేళ్ళలో ఇరవై దాకా సినిమాలు తీశాడు. డబ్బులు వచ్చాయి, నిర్మాతలకి నమ్మకం కుదిరింది.

1965లో అతని జీవితం మలుపు తిరిగింది. "సీక్రెట్స్ బిహైండ్ ది వాల్" అనే సినిమా బెర్లిన్ చలనచిత్రోత్సవంలో పోటీ విభాగానికి ఎంపికైంది. కథ జరిగేది ఒకేలా కట్టిన అపార్టుమెంట్ల సముదాయంలో. ఒక గృహిణి, అణుబాంబు మచ్చలు ఒంటి మీద ఉన్న ఆమె పాత ప్రియుడు, గోడ మీద స్టాలిన్ బొమ్మ, ఎదురు ఫ్లాట్‌లో ఎంట్రన్స్ పరీక్షకి చదవలేక కిటికీలోంచి తొంగి చూసే కుర్రాడు. ఉద్యమాల్లో తిరిగిన తరం ఎలా ఉక్కిరిబిక్కిరై ఇళ్ళలో కూలబడిందో చెప్పే సినిమా ఇది. జపాన్ నిర్మాతల సంఘం అధికారికంగా పంపిన సినిమా ఇది కాదు. బెర్లిన్ వాళ్ళు తమంతట తాము దీన్ని తీసుకున్నారు. స్వదేశంలో గగ్గోలు పుట్టింది. ఇలాంటి చవకబారు సినిమా జపాన్ తరఫున వెళ్ళడమేమిటి, ఇది జాతికి అవమానం అని పత్రికలు రాశాయి. విడుదల చేయాల్సిన నిక్కత్సు స్టూడియో భయపడి సినిమాని గుట్టుగా వదిలేసింది.

చాలామంది అక్కడితో క్షమాపణ చెప్పి మళ్ళీ పనిలో పడేవాళ్ళు. వకమత్సు ఆ ఏడాదే సొంత కంపెనీ పెట్టాడు, వకమత్సు ప్రొడక్షన్స్ అని. ఆ నిర్ణయం విలువ మీకు ఇప్పుడు తెలియకపోవచ్చు. మన దగ్గర ఫిల్మ్ రోజుల్లో నెగెటివ్ ల్యాబ్‌లో ఉండేది, ఫైనాన్షియర్ బాకీ తీరేదాకా రిలీజ్ అతని గుప్పిట్లో ఉండేది. సినిమా ఎవరు తీశారన్నది తర్వాతి మాట. వకమత్సు తన సినిమాలు తన కంపెనీ పేరు మీదే ఉండేలా చూసుకున్నాడు. ఆ రోజుల్లో తీసిన పింక్ సినిమాల్లో చాలావాటికి ఇప్పుడు ప్రింట్లే లేవు. మూడు వారాలు ఆడాక వాటిని ఎవరూ దాచుకోలేదు. వకమత్సు ముఖ్యమైన సినిమాలు మనం ఇవాళ చూడగలుగుతున్నామంటే అతను వాటిని సొంత ఆస్తిగా కాపాడుకోవడం వల్లే.

ఇక ఆ డబ్బుతో ఏం చేశాడో చూడండి. 1966లో "ది ఎంబ్రియో హంట్స్ ఇన్ సీక్రెట్". దాదాపు సినిమా అంతా ఒక్క అపార్టుమెంట్ గది, ఇద్దరు మనుషులు. 1967లో "వయొలేటెడ్ ఏంజెల్స్". అంతకు ముందు ఏడాది అమెరికాలో, షికాగోలో ఒకడు నర్సుల హాస్టల్లో దూరి ఎనిమిదిమందిని చంపిన ఘటన నుంచి పుట్టింది. నిడివి గంట కూడా ఉండదు. ముఖ్య పాత్ర వేసింది నాటకాల మనిషి జురో కారా. 1969లో "గో, గో సెకండ్ టైమ్ వర్జిన్" ఒక భవనం మేడ మీద నాలుగు రోజుల్లో తీశాడు. వీటిలో లొకేషన్ ఒక్కటే, పాత్రలు కొద్దిమందే, రాత్రీ పగలూ కూడా కథలోంచే వస్తాయి. డబ్బు లేదు కాబట్టి ఒకే చోట తీశాడనుకుంటే తప్పు. బయటికి దారి లేని మనుషుల కథలే అతను ఎంచుకున్నాడు. అప్పుడు ఒకే గది, ఒకే మేడ అనేది లోటుగా కనిపించదు, కథ అదే అవుతుంది. మేడ అంచున నిలబడితే చుట్టూ టోక్యో అంతా కనిపిస్తుంది, కానీ కిందికి దిగే దారి మాత్రం మూసుకుపోయి ఉంటుంది. చిన్న బడ్జెట్ సినిమా రాసేటప్పుడు నేను కొత్తవాళ్ళకి ముందు చూపించేది ఈ సినిమా నిర్మాణమే.

రంగు సంగతి కూడా చెప్పాలి. కలర్ ఫిల్మ్ ఖరీదైనది. అందుకే ఆ కాలం పింక్ సినిమాలు చాలావరకు బ్లాక్ అండ్ వైట్‌లో నడుస్తూ, పడకగది సన్నివేశం రాగానే కలర్‌లోకి మారేవి. ప్రేక్షకుడు టికెట్ కొన్నది దానికోసమేనని అందరికీ తెలుసు. వకమత్సు ఆ అలవాటును తీసుకుని తిరగేశాడు. అతని సినిమాల్లో చాలాసార్లు రంగు వచ్చేది రక్తం దగ్గర, భయంకరమైన జ్ఞాపకం దగ్గర. సుఖం కోసం ఎదురుచూస్తున్నవాడికి ఒళ్ళు జలదరించేది ఎదురవుతుంది. ఒక కమర్షియల్ షరతుని ఒప్పుకుంటూనే దాని అర్థాన్ని మార్చేయడం అంటే ఇదీ. లొకేషన్‌లో సౌండ్ రికార్డు చేయకుండా అంతా తర్వాత డబ్బింగ్ చెప్పించే పద్ధతి కూడా అతనికి కలిసొచ్చింది. పర్మిషన్ లేకుండా వీధిలో కెమెరా పెట్టి, పోలీసులు వచ్చేలోపు షాట్ తీసుకుని వెళ్ళిపోవచ్చు.

ఇదంతా ఒక్కడి పని కాదు. స్క్రిప్టుల వెనక మసావో అదాచి ఉన్నాడు. విద్యార్థి సినిమాల నుంచి వచ్చినవాడు, రాజకీయంగా వకమత్సు కంటే ఎక్కువ చదువుకున్నవాడు. వకమత్సు దగ్గర కోపం ఉంది, అదాచి దగ్గర ఆ కోపానికి మాటలున్నాయి. 1960ల చివర్లో అమెరికాతో భద్రతా ఒప్పందానికీ వియత్నాం యుద్ధానికీ వ్యతిరేకంగా టోక్యో వీధుల్లో విద్యార్థులు పోలీసులతో తలపడుతున్నారు. రాత్రి ఆ విద్యార్థులే షింజుకు హాళ్ళలో ఈ సినిమాలకు వచ్చేవారు. "సెక్స్ జాక్" 1970లో వచ్చింది. పోలీసుల నుంచి దాక్కున్న విప్లవకారుల గుంపు గురించి. ఉద్యమాన్ని పొగిడే సినిమా అనుకుని చూస్తే దెబ్బ తింటారు. ఆ గుంపులోని డొల్లతనాన్ని వకమత్సు అస్సలు దాచలేదు. అతనికి సానుభూతి ఉన్నా, భజన చేయలేదు.

1971లో "సెక్స్ జాక్", "వయొలేటెడ్ ఏంజెల్స్" రెండూ కాన్‌లో డైరెక్టర్స్ ఫోర్ట్‌నైట్ అనే విభాగానికి వెళ్ళాయి. తిరుగు ప్రయాణంలో వకమత్సు, అదాచి లెబనాన్‌లో దిగారు. పీఎఫ్‌ఎల్‌పీ అనే సంస్థకి చెందిన పాలస్తీనా గెరిల్లాల మధ్య తిరిగి "రెడ్ ఆర్మీ / పీఎఫ్‌ఎల్‌పీ: డిక్లరేషన్ ఆఫ్ వరల్డ్ వార్" అనే డాక్యుమెంటరీ తీశారు. థియేటర్లకి ఇవ్వకుండా ఎర్ర రంగు వేసిన బస్సులో జపాన్ అంతా తిప్పి ప్రదర్శించారు. 1974లో అదాచి కెమెరా వదిలేసి లెబనాన్ వెళ్ళిపోయి జపనీస్ రెడ్ ఆర్మీ అనే సాయుధ విప్లవ సంస్థలో కలిశాడు. 1997లో అక్కడే అరెస్టై, 2000లో జపాన్‌కి తిరిగొచ్చాడు. వకమత్సు జపాన్‌లోనే ఉండిపోయాడు. అతని ఆఫీసు మీద, ఇంటి మీద పోలీసుల సోదాలు మామూలైపోయాయి. ఆ డాక్యుమెంటరీని నేను ప్రచార చిత్రంగానే చూస్తాను. సినిమాగా అతని ఫిక్షన్ ముందు అది నిలవదు. ఆయుధాల మీద దానికున్న నమ్మకాన్ని నేను ఒప్పుకోను.

మీరు అడిగిన బూతు ప్రశ్నకి ఇప్పుడు వస్తాను. దాన్ని తప్పించుకోవడం నాకిష్టం లేదు. వకమత్సు 1960ల సినిమాల్లో స్త్రీల మీద హింస చాలా ఉంది. రాజ్యం మీద, తండ్రి మీద, నగరం మీద మగవాడికున్న కోపమంతా వచ్చి ఒక స్త్రీ శరీరం మీద పడుతుంది. ఈ హింసను గొప్పగా చూపించడం లేదు, దాని వెనక ఉన్న రోగాన్ని చూపిస్తున్నాడని అభిమానులు అంటారు. చాలాచోట్ల అది నిజం. "ఎంబ్రియో"లో మగవాడు చివరికి ఎంత దీనంగా, ఎంత పసివాడిలా కనిపిస్తాడో చూస్తే తెలుస్తుంది. కానీ ఆ దీనత్వం దాకా రావడానికి గంటసేపు మనం చూసింది ఎవరి బాధ? ఆ హాల్లో కూర్చున్న ప్రేక్షకుడికి ఆ దృశ్యాలు ఎందుకు అమ్మారు? ఈ రెండు ప్రశ్నలకీ "రాజకీయ సినిమా" అన్న మాట జవాబు కాదు. స్త్రీ పాత్ర ఎదురు తిరిగినప్పుడు కూడా ఆ తిరుగుబాటు కథ మగవాడి చుట్టూనే అల్లుకుని ఉంటుంది. ఇది అతని సినిమాల్లో నాకు నిజంగా బాధ కలిగించే విషయం, ఎన్నిసార్లు చూసినా తగ్గలేదు. కొన్ని సినిమాల్ని మెచ్చుకుంటాను, కొన్ని దృశ్యాల్ని మాత్రం ఏ వాదనతోనూ సమర్థించలేను.

1971 చివర్లో నిక్కత్సు స్టూడియో నష్టాల్లోంచి బయటపడటానికి తనే ఈ రంగంలోకి దిగింది. రోమన్ పోర్నో అనే పేరుతో, పింక్ కంటే ఎక్కువ డబ్బు పెట్టి, స్టూడియో సెట్లలో, 1988 దాకా తీసింది. అక్కడా మంచి దర్శకులు వచ్చారు. పింక్ సినిమాల్లో మొదలుపెట్టి పెద్దవాళ్ళైనవాళ్ళూ ఉన్నారు. యోజిరో తకితా అలా వచ్చినవాడే. అతని "డిపార్చర్స్" 2009లో విదేశీ చిత్రంగా ఆస్కార్ గెలిచింది. అయితే వాళ్ళలో చాలామందికి పింక్ ఒక మెట్టు. వకమత్సు దాన్ని మెట్టుగా చూడలేదు.

నిర్మాతగా అతని సత్తా ఏమిటో 1976లో బయటపడింది. దర్శకుడు నగిసా ఒషిమా "ఇన్ ది రెల్మ్ ఆఫ్ ది సెన్సెస్" తీయాలనుకున్నాడు. 1936లో జరిగిన సదా అబే అనే ఆమె కేసు ఆధారం. శృంగారం నటన కాకుండా నిజంగానే చూపించాలని ఒషిమా పట్టుదల. జపాన్ చట్టం ప్రకారం అది అసాధ్యం. డబ్బు ఫ్రెంచ్ నిర్మాత అనతోల్ దోమాన్ పెట్టాడు. జపాన్‌లో పని నడిపే బాధ్యత వకమత్సుది. క్యోటోలో తలుపులు మూసి షూటింగ్ చేశారు. తీసిన ఫిల్మ్‌ని కడగకుండానే ఫ్రాన్స్‌కి పంపి, అక్కడే డెవలప్ చేసి, ఎడిట్ చేశారు. అప్పుడది చట్టం దృష్టిలో ఫ్రెంచ్ సినిమా. జపాన్‌కి దిగుమతి అయినప్పుడు కత్తిరించి, మసకలు వేసి విడుదల చేశారు. పోలీసులకి సినిమా దొరకలేదు, స్క్రిప్టూ ఫొటోలూ వేసిన పుస్తకం మీద కేసు పెట్టారు. 1979లో కింది కోర్టు, 1982లో పై కోర్టు నిర్దోషులని తీర్పిచ్చాయి. చట్టంలోని ప్రతి గడప ఎక్కడుందో తెలిసినవాడు లేకపోతే ఆ సినిమా పూర్తయ్యేది కాదు. ఒషిమాకు ఆ రోజున వకమత్సు కావాల్సొచ్చింది అందుకే.

1983లో నగోయాలో సినిమా స్కోలే అనే చిన్న హాలు పెట్టాడు. యాభై చిల్లర సీట్లు. ఇప్పటికీ నడుస్తోంది. తీసినవాడికి చూపించే చోటు కూడా ఉండాలని అతని లెక్క.

డెబ్బయ్యేళ్ళ వయసులో అతను చేసిన పని నన్ను ఎప్పుడూ ఆశ్చర్యపరుస్తుంది. 1972 ఫిబ్రవరిలో యునైటెడ్ రెడ్ ఆర్మీ అనే విప్లవ గుంపు సభ్యులు కొందరు నగానో కొండల్లో అసమా సాన్సో అనే విడిది గృహంలో దూరి, దాన్ని చూసుకునే నిర్వాహకుడి భార్యను పది రోజులు బందీగా పట్టుకున్నారు. జపాన్ అంతా టీవీల ముందు కూర్చుని చూసింది. తర్వాత తెలిసింది, అంతకు ముందే వాళ్ళు కొండల్లోని తమ స్థావరాల్లో ఆత్మవిమర్శ పేరుతో సొంత సహచరుల్ని పన్నెండు మందిని చంపుకున్నారని. 2002లో ఆ ముట్టడి గురించి పోలీసుల వైపు నుంచి ఒక పెద్ద సినిమా వచ్చింది. వకమత్సుకి ఒళ్ళు మండిపోయింది. లోపల ఉన్న ఆ యువతకి ఏమైందో చెప్పకుండా ఆ కథ ఎలా చెప్తారన్నాడు. ఎవరూ డబ్బు పెట్టలేదు. ఇల్లు తాకట్టు పెట్టాడు. ముట్టడి సన్నివేశాల కోసం మియాగిలో ఉన్న సొంత విడిది ఇంటినే సెట్‌గా వాడి, షూటింగ్‌లో దాన్ని ధ్వంసం చేశాడు. అలా తయారైన "యునైటెడ్ రెడ్ ఆర్మీ" మూడు గంటల పది నిమిషాల సినిమా. 2008లో బెర్లిన్‌లో ఫోరం విభాగంలో బహుమతులు అందుకుంది. ఒకప్పుడు తను వెనకేసుకొచ్చిన తరం తనను తాను ఎలా తినేసిందో ఎక్కడా కన్ను తిప్పకుండా చూపించాడు. శృంగారం ఇందులో దాదాపు లేదు. మధ్య గంట చూడటం చాలా కష్టం. అయినా అతని సినిమాల్లో నాకు అన్నిటికంటే గొప్పది ఇదే.

2010లో "క్యాటర్‌పిల్లర్". యుద్ధంలో కాళ్ళూ చేతులూ పోగొట్టుకుని వచ్చిన సైనికుణ్ణి ఊరంతా యుద్ధ దేవుడని పూజిస్తుంది. అతనికి అన్నం పెట్టడం, ఒళ్ళు కడగడం, అతని కోరిక తీర్చడం భార్య వంతు. చైనాలో అతను చేసిన అత్యాచారం అతన్నే వెంటాడుతుంది. ఇందులో కెమెరా భార్య వైపు నిలబడింది. పాత సినిమాల్లో నేను తప్పుపట్టిన చోటికి అతను డెబ్బై మూడేళ్ళ వయసులో తిరిగొచ్చి, ఈసారి ఆమె ముఖం మీద ఆగాడు. షినోబు తెరాజిమాకి బెర్లిన్‌లో ఉత్తమ నటిగా సిల్వర్ బేర్ వచ్చింది. పడకగది సన్నివేశాలు ఇందులోనూ ఉన్నాయి, కానీ ఒక్కటి కూడా సుఖం కోసం చూసేలా ఉండదు. దేశభక్తి అనే పెద్ద మాట ఒక ఇంట్లో, ఒక చాప మీద ఎంత బరువు వేస్తుందో ఇంత సూటిగా చెప్పిన సినిమా నేను ఇంకోటి చూడలేదు.

2012లో అతను ఇంకా జోరుగా తీస్తూనే ఉన్నాడు. ఆ ఏడాది రచయిత మిషిమా చివరి రోజుల మీద తీసిన సినిమా కాన్‌కి, ఇంకొకటి వెనిస్‌కి వెళ్ళాయి. అక్టోబరులో బుసాన్ ఉత్సవం ఆ ఏటి ఆసియా ఫిల్మ్‌మేకర్‌గా సత్కరించింది. కొద్ది రోజులకే షింజుకులో రోడ్డు దాటుతుంటే టాక్సీ గుద్దింది. అక్టోబరు 17న చనిపోయాడు.

మీ మొదటి ప్రశ్న, ఫ్రీడమ్ గురించి. అడల్ట్ సినిమా తీస్తే స్వేచ్ఛ వస్తుందనుకోకండి. ఏడాదికి 200 పైగా తీసిన ఆ రోజుల్లో చాలావరకు మామూలు సరుకే. అదే షరతు, అదే బడ్జెట్, అవే హాళ్ళు. అందరూ వకమత్సులు కాలేదు. అతని దగ్గర ఉండి మిగతావాళ్ళ దగ్గర లేనివి ఏమిటో చూడండి. చెప్పాలనుకున్న మాట మీద కసి ఉంది. సినిమా తన పేరు మీదే ఉండాలన్న పట్టుదల ఉంది. పెట్టిన డబ్బు తిరిగొచ్చే దారి ముందే తెలిసి ఉండి, ఆ దారికి సరిపడేంతలోనే తీసే క్రమశిక్షణ ఉంది. చుట్టూ అదాచి లాంటి తనకంటే తెలివైనవాళ్ళని పెట్టుకునే ధైర్యం ఉంది. మీరు ఇవాళ తీయాలంటే ఆ చిన్న హాళ్ళు లేవు, ఆ వారం వారం డిమాండూ లేదు. మీ దగ్గర ఉన్న మార్కెట్ ఏది, అది అడిగే కనీస షరతు ఏది అన్నది ముందు తేల్చుకోండి. ఆ షరతు మీ నటీనటుల గౌరవానికి భంగం కలిగించేదైతే అక్కడే వద్దనండి. వకమత్సు కాలంలో ఆ చర్చ జరగలేదు. ఇవాళ సన్నిహిత సన్నివేశం తీసేముందు నటితో, నటుడితో ప్రతి షాటూ ముందే మాట్లాడుకుని, రాతలో పెట్టుకునే పద్ధతి వచ్చింది. దాన్ని టెన్షన్‌గా చూడకండి, పని అక్కడే మొదలవుతుంది. అగ్రిమెంట్ మీద సంతకం పెట్టేముందు హక్కుల పేజీ మీరే చదవండి, రీమేక్, డిజిటల్, శాటిలైట్ ఎవరికి వెళ్తున్నాయో చూసుకోండి.

చూసే వరుస అడిగారు కదా. మొదట "క్యాటర్‌పిల్లర్" చూడండి, అతను ఏ వైపు నిలబడి ఉన్నాడో తెలుస్తుంది. తర్వాత "గో, గో సెకండ్ టైమ్ వర్జిన్", లైంగిక హింస ఉన్న సినిమా అని ముందే తెలుసుకుని, మేడ మీద అతను స్థలాన్ని ఎలా వాడాడో గమనిస్తూ. ఆ పైన "ఎక్స్‌టసీ ఆఫ్ ది ఏంజెల్స్". 1972లో ఆర్ట్ థియేటర్ గిల్డ్ అనే స్వతంత్ర సినిమాల కంపెనీతో కలిసి తీసింది, యోసుకే యమషితా బృందం జాజ్ వినడానికైనా చూడొచ్చు. దాని వెంటనే "యునైటెడ్ రెడ్ ఆర్మీ" పెట్టుకుంటే, ఒకే కలని ఒకే మనిషి ముప్పై అయిదేళ్ళ తేడాతో రెండుసార్లు ఎలా చూశాడో తెలుస్తుంది. "ఎంబ్రియో", "వయొలేటెడ్ ఏంజెల్స్" మాత్రం ఆఖరికి ఉంచుకోండి, వాటితో మొదలుపెట్టినవాళ్ళు చాలామంది అక్కడే ఆగిపోతారు.

స్నేహితులతో కలిసి ఎక్కడైనా ప్రదర్శన పెట్టాలనుకుంటే, బయట హాల్లో వేయడానికి మన దగ్గర సర్టిఫికెట్ అయినా ఉండాలి, మినహాయింపు అయినా తెచ్చుకోవాలి. హక్కుదారుల అనుమతి దానికి వేరు. వచ్చేవాళ్ళు పద్దెనిమిదేళ్ళు దాటినవాళ్ళే అయి ఉండాలి, సినిమాలో ఏముందో పోస్టర్ మీదే రాయండి. సినిమా తర్వాత చర్చకి గంట సమయం కేటాయించండి, అందులో మొదటి మాట హాల్లో ఉన్న ఆడవాళ్ళని చెప్పమనండి.